ముని రాత్రులు: బెజవాడలో ఒక ఎడారి తొండ నిద్ర కోసం

మా ఇంట్లో ఉన్నది బియర్డెడ్ డ్రాగన్. గొంతు కింద ముళ్ల గడ్డం చూసి మా అమ్మాయి ముని అని పేరు పెట్టింది. మా అత్తయ్యకి మాత్రం అది 'ఆ తొండ'. ఆవిడ మాటలో తప్పేం లేదు. పెరట్లో గోడ మీద తల ఊపే మన తొండా, ఆస్ట్రేలియా నడిగడ్డ మీద పుట్టిన ఈ జాతీ ఒకే కుటుంబం, అగామిడే. 2024 సెప్టెంబరు 1న బుడమేరు సింగ్‌నగర్‌ని ముంచెత్తినప్పుడు మా తమ్ముడు ఇంటినుంచి పట్టుకుని బయటపడ్డ రెండు వస్తువుల్లో సర్టిఫికెట్ల సంచి ఒకటి, మునిని పెట్టిన మూత బకెట్ ఒకటి. తర్వాత తమ్ముడికి పుణెలో ఉద్యోగం వచ్చింది. ముని మొగల్రాజపురంలో మా దగ్గరే ఉండిపోయాడు.

నేను జూనియర్ కాలేజీలో ఫిజిక్స్ చెబుతాను. ఈ డైరీ ముని రాత్రుల గురించి మాత్రమే.

జనవరి 6

పెట్టె 4 అడుగుల పొడవు, 2 అడుగుల వెడల్పు, 2 అడుగుల ఎత్తు. మూడు వైపులా ప్లైవుడ్, ముందు జరిపే గాజు తలుపులు. మేడ మీద గదిలో పడమటి గోడకి ఆనించి ఉంది. ఎడమ కొసన ఎండ కాచుకునే చోటు: 75 వాట్ల హాలోజన్ బల్బు, దాని కింద అడుగు చదరం కడప నాపరాయి. పగలు ఆ రాయి మీద 40 డిగ్రీలు, కుడి కొసన 27. వాడికి వేడి కావాలంటే అటు, వద్దంటే ఇటు. పగటి సంగతి కుదిరింది. సాయంత్రం ఆరున్నరకి బల్బు ఆరాక లోపల ఏం జరుగుతోందో మాత్రం నేను ఎప్పుడూ కొలవలేదు.

పెంపకం గురించి నేను చదివినవన్నీ చలిదేశాల వాళ్లు రాసినవి. ఆరోగ్యంగా ఉన్న పెద్ద జంతువుకి రాత్రి 20 నుంచి 24 మధ్య మంచిది, కాసేపు 18కి దిగినా తట్టుకుంటుంది, ఇంకా దిగితే సెరామిక్ హీటర్ పెట్టండి అంటారు. సెరామిక్‌దే ఎందుకంటే దానికి వెలుగు ఉండదు. ఎర్ర బల్బు, నీలం బల్బు రాత్రికి పనికిరావు. వీటికి రంగులు బాగా కనిపిస్తాయి, పైగా నడినెత్తిన వెలుగుని పసిగట్టే మూడో కన్ను ఉంటుంది. ముని తల మీద పొలుసుల మధ్య ఆవగింజంత మచ్చ అదే.

ఇక్కడ చలి మొదలైంది కదా అని నేనూ హీటర్ కొన్నాను, 60 వాట్లది. మన ఇళ్లలో ఉండేవి పిన్ను హోల్డర్లు. దీనికి మర తిప్పే హోల్డర్ కావాలి, అదీ పింగాణీది. హీటర్ ఒంటి మీద వేడి 200 డిగ్రీలు దాటుతుంది, ప్లాస్టిక్ నిలవదు. గవర్నర్‌పేటలో మూడు కొట్లు తిరిగితే దొరికింది. ముని తగిలి కాల్చుకోకుండా చుట్టూ ఇనప జాలీ తొడుగు వేశాను.

జనవరి 9

వేడిని కొలిచి హీటర్‌ని వేసి ఆపే కంట్రోలర్ బిగించాను. ఎస్‌టీసీ-1000, గుడ్లు పొదిగే పెట్టెలకి వాడే రకం. వెనక రెండు రిలేలు, అంటే వాటంతట అవే కరెంటు కలిపి తెంపే స్విచ్చులు, ఉంటాయి: చల్లబడితే ఒకటి కలుస్తుంది, వేడెక్కితే రెండోది. నేను వేడి రిలేకే వైరు కలిపి రెండోదాన్ని ఖాళీగా వదిలాను. 220 వోల్టుల స్క్రూలు వెనక బోడిగా కనిపిస్తాయి కాబట్టి మొత్తాన్ని మూత ఉన్న జంక్షన్ బాక్సులో పెట్టి, ముందు 3 ఆంపియర్ల ఫ్యూజు వేశాను.

వైరు కొసన వేడిని కొలిచే ప్రోబ్ ఎంత నిజం చెబుతుందో చూశాను. స్టీలు గ్లాసు నిండా దంచిన ఐసు, మునిగేంత నీళ్లు, పది నిమిషాలు కలుపుతూ ఉంటే సున్నా చూపించాలి. 1.4 చూపించింది. ఎఫ్4 అనే సెట్టింగ్‌లో మైనస్ 1.4 వేశాను. ఈ ఒక్క పని చెయ్యకుండా ఏ అంకెనీ నమ్మొద్దని మా పిల్లలకి ఏటా ల్యాబులో చెబుతాను.

హద్దు 22 పెట్టాను. ప్రోబ్‌ని లోపలి గోడకి టేపుతో అంటించాను.

జనవరి 17, తెల్లవారుజాము

కనుమ వెళ్లిన మర్నాడు. నాలుగుంబావుకి నీళ్ల కోసం లేచి, అలవాటుగా పెట్టె గాజు మీద చెయ్యి వేశాను. వెచ్చగా తగిలింది.

టార్చి వేస్తే ముని కుడి కొసన, హీటర్‌కి వీలైనంత దూరంగా, గాజుకి ముక్కు ఆనించి ముందు కాళ్ల మీద లేచి ఉన్నాడు. నోరు బార్లా తెరిచి ఉంది. గొంతు కింద చర్మం కొలిమితిత్తిలా ఆడుతోంది. ముదురు బూడిద రంగులో ఉండే ఒళ్లు పాలిపోయి ఎండుగడ్డి రంగుకి వచ్చింది. వేడిని విడిచిపెట్టడానికి వాడికి చేతనైన రెండు పనులూ చేస్తున్నాడు. మూడోది, అక్కణ్ణుంచి వెళ్లిపోవడం, నేను మూసిన తలుపు వల్ల కుదరలేదు. కుడి కొసన విడి థర్మామీటర్ 36.5 చూపిస్తోంది. కంట్రోలర్ తెర మీద మాత్రం 19.8. హీటర్ నడుస్తోందని చూపే చిన్న దీపం దాని మీద వెలుగుతూనే ఉంది.

వేడికి టేపు జిగురు వదిలింది. వైరు బరువుకి ప్రోబ్ కంత లోంచి బయటికి జారి కిటికీ కింద గచ్చు మీద పడింది. కంట్రోలర్ గచ్చుని కొలుస్తూ, అది 22కి రావడం లేదని రాత్రంతా పెట్టెని కాల్చింది. దాని పని అది సరిగ్గానే చేసింది. తప్పు నా టేపుది.

స్విచ్చి ఆపి రెండు తలుపులూ తీశాను. చల్లనీళ్లు పోస్తే ఒక్కసారిగా ఒళ్లు దెబ్బతింటుందని పొయ్యలేదు. ముక్కు మీద ఒక్కో చుక్క వేస్తూ కూర్చున్నాను. ఐదో చుక్కకి నాలుక బయటికి వచ్చింది. నోరు మూసేసరికి ఐదు అయింది. పొద్దున్నే పశువైద్యుడికి చూపించాం. బరువు 412 గ్రాములు, భయం లేదన్నారు. మా అమ్మాయి ఆ రోజు నాతో సరిగ్గా మాట్లాడలేదు. నేనూ తనకి ఏం సర్దిచెప్పలేదు.

జనవరి 19

టేపు ఈ ఇంట్లో మళ్లీ వాడను. ప్రోబ్‌ని ముని పడుకునే ఎత్తులో, కుడి కొసన, రేకు క్లాంపు వేసి రెండు స్క్రూలతో బిగించాను. బయట వైరుకి ఇంకో క్లాంపు, లాగినా లోపలిది కదలకుండా.

అది చాలదు. రిలే లోపల కాంటాక్టులు అతుక్కుపోయినా ఇదే జరుగుతుంది, అప్పుడు ప్రోబ్ ఎక్కడున్నా లాభం లేదు. అందుకే హీటర్ వైరు మధ్యలో కేఎస్‌డీ301 అనే బిళ్ల వేశాను. లోపల రెండు లోహాల రేకు ఉంటుంది, 45 డిగ్రీలకి వంగి కరెంటు తెంపేస్తుంది. ప్రోగ్రాం లేదు, తెర లేదు. పెట్టె పైకప్పుకి బిగించి హెయిర్ డ్రయర్‌తో వేడి ఊదితే టక్కుమని తెగింది. పది నిమిషాలకి మళ్లీ కలిసింది. మూడుసార్లు చూశాను.

ఫిబ్రవరి 2

ఈసారి వేడి చెయ్యడం మానేసి కొలవడం మొదలుపెట్టాను. వేడిని కొలిచే డీఎస్18బీ20 సెన్సార్లు నాలుగు, వాటి అంకెలు రాసుకునే ఈఎస్‌పీ8266 బోర్డు ఒకటి, ఐదు నిమిషాలకోసారి రికార్డు. ఒకటి రాయి మీద, ఒకటి కుడి కొసన, ఒకటి గదిలో, ఒకటి కిటికీ బయట. హీటర్ హద్దు 18కి దించాను.

పద్నాలుగు రాత్రులు చూశాను. బయట 17.5కి దిగిన రోజు కూడా గదిలో 20.6, పెట్టెలో 21.1. హీటర్ ఒక్క నిమిషం కూడా వెలగలేదు.

దానికి కారణం గ్రాఫులో రాయి మీది సెన్సార్ గీతలో కనిపించింది. బల్బు ఆరేటప్పటికి నాపరాయి 40 దగ్గర ఉంటోంది. రెండు గంటల తర్వాత కూడా 30. అర్ధరాత్రికి 25. పగలంతా తాగిన వేడిని ఆ రాయి రాత్రంతా కొద్దికొద్దిగా వదులుతోంది, ప్లైవుడ్ దాన్ని బయటికి పోనివ్వడం లేదు. మునికి హీటర్ ఎప్పుడో ఉంది, నేను గుర్తించలేదంతే. జనవరి 17 నాటి హింస అంతా అవసరం లేని పరికరం వల్ల జరిగింది.

ఆ గీతలు చూస్తుంటే ఇంకో సంగతి తట్టింది. జనవరిలో మేలు చేసిన ఈ రాయి, ఈ ప్లైవుడ్, ఈ పడమటి గోడ మే నెలలో ఏం చేస్తాయి?

మార్చి 22

రాత్రి తొమ్మిదింటికి ఇన్‌ఫ్రారెడ్ థర్మామీటర్ తీసుకుని గదంతా తిరిగాను. పైన స్లాబు అడుగు 36. పడమటి గోడ 35. పెట్టెలో 32.4. ఇంకా ఉగాది పచ్చడి రుచి నోట్లోంచి పోలేదు.

మా సందు కొండ కిందే. మొగల్రాజపురంలో ఉండేవాళ్లకి చెప్పక్కర్లేదు, పగలు కాలిన కొండరాయి రాత్రి పదకొండు దాకా సెగ వదులుతూనే ఉంటుంది. మా స్లాబు ఇంకో చిన్న కొండ.

ముని పుట్టింటి ఎడారిలోనూ ఎండ మండిపోతుంది. కానీ రాత్రికి నేల చల్లారుతుంది. మరీ కాలితే నీడకో బొరియలోకో దూరే వీలుంటుంది. పెట్టెలో ఆ వీల్లేదు. రాత్రి 33 డిగ్రీలకి వాడు చచ్చిపోడు. కానీ ఒళ్లు చల్లబడదు, నిద్ర నిలవదు, నీరు ఆవిరైపోతూ ఉంటుంది. నెలల తరబడి అలా ఉంటే ఏ జంతువైనా చిక్కిపోతుంది. వారం నుంచి రాత్రి మూడుసార్లు చోటు మారుతున్నాడు. చలికాలంలో పడుకున్నచోటే తెల్లారేది.

ఏప్రిల్ 5

రెండో రిలేకి పని దొరికింది.

ఆటోనగర్‌లో అల్యూమినియం ఫ్రేముకి జాలీ బిగించి ఇచ్చారు. పెట్టె పైకప్పులో సగం కోసేసి దాన్ని కూర్చాను. వెనక, పైన, 12 వోల్టుల కంప్యూటర్ ఫ్యాను గాలిని బయటికి లాగేలా పెట్టి, ముందు కింద పొడవాటి సందు వదిలాను. గాలి ముని మీదుగా కొట్టదు, కింద దూరి పైనుంచి పోతుంది. ఫ్యాను అడాప్టర్‌కి వచ్చే కరెంటుని కంట్రోలర్ చల్లదనం రిలే గుండా పంపాను.

సెట్టింగ్ చూడముచ్చటగా కుదిరింది. ఎఫ్1 (హద్దు) 22, ఎఫ్2 (హద్దుకి అటూ ఇటూ తేడా) 4. అంటే 18కి దిగితే హీటర్ పడుతుంది, 26కి ఎక్కితే ఫ్యాను పడుతుంది, రెండూ 22 దగ్గర ఆగుతాయి. ఒకే డబ్బా, ఒకే ప్రోబ్, రెండు కాలాలు.

రాయి తీసేసి చెక్క దుంగ పెట్టాను. బల్బు 40 వాట్లకి మార్చాను, ఎందుకంటే గదే సగం పని చేస్తోంది. టైమర్‌ని పొద్దున ఆరున్నర నుంచి మధ్యాహ్నం మూడు దాకా పెట్టాను. అతినీలలోహిత ట్యూబు మాత్రం ఆరు దాకా ఉంటుంది. మేత మధ్యాహ్నం రెండు లోపే, తిన్నది అరిగేందుకు వేడి ఉండగానే.

ఫలితం: పెట్టెకీ గదికీ మధ్య తేడా 1.8 డిగ్రీల నుంచి 0.4కి వచ్చింది. ఫ్యాను అంతకంటే చెయ్యలేదు, చెయ్యదు. అది పెట్టెని గది దాకానే చల్లార్చగలదు. గదే 33 ఉంటే పెట్టె 33.4.

ఏప్రిల్ 12

ఎయిర్ కూలర్ పెట్టి చూశాం. మూడు డిగ్రీలు తగ్గింది, తేమ 84 శాతానికి పోయింది. ఎడారి ప్రాణికి ఆ తేమలో రాత్రులు గడిపితే ఊపిరితిత్తుల జబ్బు పట్టుకుంటుంది. రెండో రాత్రికే తీసేశాం.

ఏప్రిల్ 18

డాబా మీద సున్నం రెండు పూతలు, జిగురు కలిపి. మావారూ నేనూ తెల్లవారుజామున మొదలుపెట్టి తొమ్మిదికల్లా ముగించాం. మూడు రోజుల తర్వాత రాత్రి పదింటికి స్లాబు అడుగు 41 నుంచి 37కి, గది 35 నుంచి 33కి దిగాయి. పెట్టె కోసం మొదలుపెట్టిన పనిలో మనుషులకి ఎక్కువ ఉపకారం జరిగింది ఇందులోనే. కానీ మునికి ఇంకా చాలదు.

మే 4

ఇంట్లో ప్రతి గదినీ రాత్రి పదింటికి కొలిచి కాగితం మీద రాశాను. చల్లగా ఉండేది ఒక్కటే: కింద, ఉత్తరం వైపు గది. పైన ఇంకో అంతస్తు ఉంది కాబట్టి దాని స్లాబు ఎండ మొహం చూడదు. బీపీ వల్ల రాత్రి ఏసీ 27లో పెట్టుకునే గదీ అదే. అత్తయ్య గది.

అడగడానికి రెండు రోజులు పట్టింది.

"అమ్మాయ్, రాత్రి అది బయటికొచ్చి నా మంచమెక్కితే?"

"గాజుకి తాళం ఉంటుంది అత్తయ్యా. ఒకసారి పడుకుంటే దీపం వెలిగేదాకా కదలదు."

"కళ్లు మూసుకునే పడుకుంటుందా, పాములా తెరుచుకునా?"

"మూసుకునే. మనకి కలలొచ్చేటప్పుడు కళ్లు లోపల ఆడతాయి చూడండి, వీటికీ అలాంటి నిద్ర ఉందని 2016లో జర్మనీలో కనిపెట్టారు. ఫ్రాంక్‌ఫర్ట్‌లో మాక్స్ ప్లాంక్ సంస్థ వాళ్లు ఈ జాతి మీదే చూశారు. గాఢనిద్ర, కలనిద్ర, మళ్లీ గాఢనిద్ర, సుమారు 80 సెకన్లకో విడత."

ఆవిడ కాసేపు ఏం మాట్లాడలేదు. "రెండ్రోజులు చూస్తాను. కళ్లు తెరిచి నా వంకే చూస్తూ కూర్చుంటే పైకి పంపించెయ్" అంది.

మే 9

పెట్టెని ఏసీ గాలి సూటిగా తగలని మూలలో, అడుగు ఎత్తు స్టాండు మీద పెట్టాం. మొదటి రాత్రి పెట్టెలో 27.6, తేమ 48 శాతం. మార్చి తర్వాత వాడు మొదటిసారి ఒకే చోట తెల్లారేదాకా పడుకున్నాడు. దుంగ మీద బోర్లా, చేతులు వెనక్కి వేలాడేసి, గడ్డం చెక్కకి ఆనించి.

చిక్కు ఒకటి వచ్చింది. అత్తయ్య జీరో బల్బు లేకుండా పడుకోలేదు. దానికి పరిష్కారం నేను ఆలోచించేలోపే ఆవిడ తన పాత నూలు చీర మడిచి పెట్టె మీంచి కిందిదాకా కప్పేసింది. చీకటి బాగానే వచ్చింది. మర్నాడు గీత చూస్తే 1.2 డిగ్రీలు ఎక్కువ, ఎందుకంటే కింది సందూ పై జాలీ రెండూ మూసుకుపోయాయి. ఆ గీత ఫోన్‌లో ఆవిడకే చూపించాను. కళ్లజోడు పెట్టుకుని చూసి, చీర అంచు పైకి మడిచి రెండు బట్టల క్లిప్పులు పెట్టింది. కింద అరడుగు ఖాళీ, పైన జాలీ ఖాళీ, ముందు మాత్రం తెర. 27.5కి వచ్చింది.

మే 27

రోహిణి కార్తె. రోళ్లు పగిలే ఎండ తర్వాత రాత్రి పదకొండూ నలభైకి ఈదురుగాలి, వెంటనే కరెంటు పోయింది. మా ఇన్వర్టర్ సీలింగ్ ఫ్యాన్లనీ పెట్టె ఫ్యానునీ లాగుతుంది, ఏసీని లాగలేదు. ఈ రాత్రి కోసమే ఫ్రీజర్‌లో రెండు లీటరు సీసాలు గడ్డకట్టించి ఉంచాను. గుడ్డ చుట్టి, పెట్టె బయట, గాలి దూరే సందు ముందు ఒకటి పెట్టాలి. మూత బిగించిన సీసా కాబట్టి నీటి ఆవిరి లోపలికి పోదు, సీసాకి పట్టే చెమట గుడ్డకే అంటుతుంది.

పైన నాకు మెలకువ వచ్చేసరికి ఒకటిన్నర. కిందికి పరిగెత్తాను. చీర పూర్తిగా తీసేసి ఉంది. సీసా సందు ముందు ఉంది, నేను చూపించినట్టే తువ్వాలు చుట్టి. అత్తయ్య కుర్చీ వేసుకుని తెర మీద అంకె చూస్తూ కూర్చుంది.

"ఇరవై తొమ్మిదిన్నర. ముప్పై దాటితే లేపుదామనుకున్నాను" అంది.

కరెంటు మూడూ ఇరవైకి వచ్చింది. అప్పటికి గది 30.8, పెట్టె 30.1. రెండో సీసా కూడా సగం కరిగింది. ముని ఒక్కసారి కళ్లు తెరిచి, దుంగ మీద నుంచి సందు దగ్గరికి దిగి, అక్కడే మళ్లీ పడుకున్నాడు.

జూన్ 10

మృగశిర వచ్చింది, వానలు పడ్డాయి. ఇక తేమ పెరుగుతుంది. ఏసీ నడిచే రాత్రులు 55 శాతం దాటడం లేదు, ఏసీ ఆపిన రాత్రి 78. కాబట్టి వానాకాలంలో చల్లగా ఉందని ఏసీ కట్టెయ్యకూడదు.

మే 9 నుంచి నిన్నటిదాకా రాత్రుల సగటు 27.4. పుస్తకాల్లో చెప్పే 24 రాలేదు. ఇంకా తగ్గించాలంటే ఏసీ 24లో పెట్టాలి, అది అత్తయ్య కీళ్లకి పడదు. ఇద్దరికీ కుదిరిన అంకె ఇది. ముని బరువు 431 గ్రాములు. మునగాకు, గుమ్మడి తురుము, పురుగులు అన్నీ తింటున్నాడు. నోరు తెరిచి రొప్పడం జనవరి 17 తర్వాత రాత్రిళ్లు మళ్లీ చూడలేదు.

చలికాలానికి పెట్టెని పైకి మార్చి, రాయి తిరిగి పెడదామనుకున్నాను. నిన్న భోజనాల దగ్గర అదే అన్నాను.

"మళ్లీ పైకెందుకు? రాయేదో ఇక్కడే పెట్టు. మేడ మీద రాత్రిపూట వాణ్ణి చూసేదెవరు?" అంది అత్తయ్య.

ఇప్పటిదాకా తాత్కాలికమని వైర్లు నేల మీదే వదిలాను. రేపు గోడకి క్లాంపులు కొట్టాలి. మంచం అరడుగు ఇటు జరపమంది.